ఉసురు చేను

మే 4

రేపు బోరు లారీ వస్తుంది. ఆర్టీసీలో ఉన్నన్నాళ్లూ డ్యూటీ దిగగానే లాగ్‌షీట్ రాసేవాడిని. రిటైరయ్యాక చేతులు ఊరుకోవు. అందుకే ఈ డైరీ. చదివేవాళ్లెవరూ లేరు, అదీ ఒక సుఖమే.

మా ఊళ్లో ప్రతి చేనుకూ పేరుంది. కుమ్మరి చేను, గుర్రాల మడి, గాజుల దిన్నె. మాది ఉసురు చేను. ఎవరిదో ఉసురు తగిలిందని ఆ పేరు. చేను మూలన తాటిచెట్టు సగం ఎత్తున రాళ్లగుట్ట. దారిన పోయేవాళ్లెవరైనా ఒక రాయి వేసి, ఉమ్మేసి పోతారు. ఎందుకని అడిగితే, మా నాయన వేసేవాడు, నేనూ వేస్తున్నా అంటారు. ఈ చేను మొదట ఊరి చివరి ఓబులమ్మ అవ్వ వాళ్లది. ఆమె మొగుడు అమ్మకానికి పెడితే ఎవరూ రాలేదు. మా నాయన కొన్నాడు. వానాకాలంలో వంక మా చేను దాకా పారుతూ వస్తుంది. ఆ తర్వాత కనపడదు. చెరువుకు చేరదు. ఎక్కడికి పోతుందో నేనూ ఎప్పుడూ ఆలోచించలేదు. ఇరవై తొమ్మిదేళ్లు తాడిపత్రి రూట్‌లో ఈ చేను పక్క నుంచే బస్సు నడిపాను.

బోరుకు గుర్తు పెట్టిన పాయింట్ దగ్గర మా ఆవిడ రామసుబ్బమ్మ టెంకాయ కొట్టింది. సమంగా పగిలింది. సంతోషపడింది.

మే 5

తొంభై అడుగుల దగ్గర రాడ్ జారిపోయింది. క్లచ్ వైరు తెగితే పెడల్ ఎట్లా కిందికి పోతుందో అట్లా. అంతవరకు పైకి చిమ్ముతున్న తెల్లటి రాతి దుమ్ము టక్కున ఆగింది. కంప్రెషర్ అరుస్తూనే ఉంది. గాలి లోపలికి పోతోంది, తిరిగి బయటికి రావడం లేదు.

రిగ్ మేస్త్రిది సేలం వైపు. మోకాళ్ల మీద కూర్చుని చాలాసేపు రంధ్రంలోకి చూశాడు. సార్, కింద ఏమీ లేదు అన్నాడు. నీళ్లు లేవా అని అడిగాను.

నీళ్లు కాదు సార్, భూమే లేదు అన్నాడు.

బోరు గోడ కూలకుండా కేసింగ్ పైపు దించి, లారీ తీసుకుని వెళ్లిపోయారు. రామసుబ్బమ్మ అన్నం తినలేదు.

మే 6, మధ్యాహ్నం

బోరు ఊదుతోంది.

మేకపిల్లలు కాలు పెట్టకుండా కేసింగ్ పైపు మీద గోనెసంచి కప్పి, పైన చిన్న రాయి పెట్టాను. రాయి పక్కన పడి ఉంది. సంచి వేపచెట్టుకు చిక్కుకుంది. అరచెయ్యి అడ్డం పెడితే లోపల నుంచి ఎవరో నెట్టినట్టుంది. చల్లటి గాలి. కొత్త కుండలో నీళ్లు పోసినప్పటి వాసన.

మే 9

బోరు చుట్టూ జనం. ఎండ నలభై నాలుగు. మాబు సాహెబ్ తన మంచం తెచ్చుకుని పక్కనే వేసుకున్నాడు. పక్క చేను ఆయనదే. చిన్నప్పటి నుంచీ నన్ను బావా అంటాడు. "ఏసీ బస్సులో గుడక ఇంత సల్లగా ఉండదు కదా బావా" అన్నాడు. రామసుబ్బమ్మ మజ్జిగ తెచ్చి అందరికీ పోసింది. నీళ్లు పడలేదన్న ఏడుపు మర్చిపోయినట్టే ఉంది.

పొద్దు వాలాక ఇంకో వింత. గాలి ఆగింది. కాసేపటికి రామసుబ్బమ్మ పైట చెంగు పైపు వైపు లాగినట్టయింది. తను కెవ్వున అరిచింది. ఎండుటాకు ఒకటి చూపిస్తే చేతిలోంచి జారి లోపలికి పోయింది. ఇప్పుడు బోరు పీలుస్తోంది.

ఊదడం, పీల్చడం. అందరూ లేచి ఇళ్లకు పోయారు. మాబు సాహెబ్ మంచం అక్కడే వదిలేశాడు.

మే 14

మాబు సాహెబ్ అన్న కూతురు శిరీన్ వచ్చింది. బనగానపల్లెలో జూనియర్ కాలేజీలో ఫిజిక్స్ చెబుతుంది. పొద్దున్నుంచి సాయంత్రం దాకా బోరు పక్కనే కూర్చుంది. ఫోన్‌లో గాలి బరువు చూపించే యాప్ ఉంది. పైన గాలి తేలికైతే కిందిది బయటికి వస్తుందట. పైన బరువైతే లోపలికి పోతుందట. రోజూ మధ్యాహ్నం తేలిక, సాయంత్రం బరువు. నాకు అర్థమైంది. టైరులో గాలి తెలిసినవాడికి ఇది తెలియకుండా ఎట్లా ఉంటుంది.

మరి లోపల ఎంత జాగా ఉందని అడిగాను. చిన్న గది అయితే ఇంతసేపు ఊదలేదట. పేపర్ మీద ఏవేవో లెక్కలు వేసి, కొట్టేసి, మళ్లీ వేసింది.

"సరిగ్గా చెప్పలేను మామా. ఎట్ల జూసినా మన ఊరంతా లోపల పెట్టినా ఇంకా జాగా మిగుల్తాది" అంది.

ఇంటికి నడిచి వస్తుంటే కాళ్లు మెల్లగా పడ్డాయి. గట్టిగా తొక్కడానికి మనసు రాలేదు.

మే 18

తాడిపత్రి నుంచి బోరు కెమెరా ఆయన వచ్చాడు. వైరు చివర లైటు, కెమెరా. పైన చిన్న టీవీ. ఊరు సగం ఆ టీవీ చుట్టూ ఉంది.

మొదట కేసింగ్ పైపు. తర్వాత నాపరాయి, పొర మీద పొర, పేర్చిన రొట్టెల్లాగా. శిరీన్ చెప్పింది, ఇదంతా ఒకప్పుడు సముద్రం అడుగున బురద అని. మనుషులు, పశువులు, చెట్లు ఏవీ పుట్టకముందు. మా ఇళ్ల గోడలు, గుమ్మాలు, నేను అన్నం తినే బండ, అన్నీ ఆ బురదే. కర్నూలు ఎక్కడ, సముద్రం ఎక్కడ.

తర్వాత రాయి అయిపోయింది. టీవీలో నలుపు. కెమెరా గుండ్రంగా తిరిగింది. లైటు ఏ గోడకూ తగల్లేదు. కెమెరా పాడైందని ఎవరో అన్నారు. లేదు, సరిగ్గానే ఉందని, చూపించడానికి దానికి ఏమీ దొరకడం లేదని ఆయన చెప్పాడు. వైరు అయిపోయేదాకా దించాడు. అడుగు రాలేదు.

ఆయనకు టీ ఇచ్చాను. గ్లాసు పక్కన పెట్టి, వైరు చుట్టుకోవడం మొదలుపెట్టాడు.

మే 22

ఓబులమ్మ అవ్వ వచ్చింది.

ఎనభై దాటి ఉంటుంది. ఊరి చివర ఒంటరిగా ఉంటుంది. ఆ ఇంటివాళ్లను విత్తనాల రోజు ఎవరూ పిలవరు. ఎదురొస్తే బండి ఆపి కాసేపు కూర్చుని బయల్దేరతారు. ఉసురు చేను మొదట వాళ్లదే కాబట్టి ఆ ఉసురు వాళ్లతోనే ఉంటుందని. నాకు ఊహ తెలిసినప్పటి నుంచీ అంతే.

కట్టె ఊనుకుంటూ మిట్టమధ్యాహ్నం వచ్చింది. ఎవరినీ పలకరించలేదు. నెత్తి మీది కొంగు తీసేసి, బోరు మీదికి వంగి, ముఖం గాలికి పెట్టింది. తెల్లజుట్టు పైకి లేచింది. కళ్లు మూసుకుంది.

"ఈడనే ఉన్నాదా" అంది. మాకు కాదు. ఆ గాలితో.

తర్వాత మంచం మీద కూర్చుని చెప్పింది. రామసుబ్బమ్మ, మాబు సాహెబ్, నేను ఉన్నాం. విన్నది విన్నట్టే రాస్తున్నాను.

"మా మొగుని జేజి, ఆ ఇంటి ముసలామె, చెప్తాండె. మా మొగుని తాతకు తాత, ఓబన్న అని. ఆ రాళ్లగుట్ట కింద బండలో నెర్ర ఉన్నెంట. ఆయప్ప ఆ నెర్రకాడ చెవి పెట్టుకోని పండుకుంటాండె. ఇత్తనం ఎప్పుడెయ్యాల్నో ఊరికి చెప్తాండె. పొద్దుగూకినాక గుడక గాలి బయటికే కొడ్తా ఉంటే వాన వస్తాదని. ఆయప్ప చెప్పకుంటే ఎవరూ ఎద్దులు కట్టేటోళ్లు కాదు. భూమి ఉసురు పోసుకుంటాదని, ఇది ఉసురు చేను అనిరి. ఉసురంటే ఏమి నాయనా? ఊపిరి."

రామసుబ్బమ్మ నా వైపు చూసింది. ఇన్నేళ్లూ ఆ మాట నోట్లోనే ఉంది. ఒక్కసారీ తిప్పి చూడలేదు.

మిగతాది ఆగి ఆగి చెప్పింది. గంజి కేంద్రాలు పెట్టిన పెద్ద కరువు ఏడాది అది. ఓబన్న విత్తనం వేయొద్దన్నాడు. గాలి ఎప్పటిలాగే పగలు ఊదుతూ, పొద్దుగూకితే పీలుస్తోంది, వాన జాడ లేదని. విన్నవాళ్లున్నారు, విననివాళ్లున్నారు. వాన రాలేదు. మనుషులు దారుల్లో పడిపోయారు. అప్పుడు ఊరంతా ఒకటే మాట. మబ్బులన్నీ ఈయప్పే బొక్కలోకి పీల్చాడని.

"ఆయప్పతోనే రాళ్లు మోపిచ్చిరి. ఆయప్పతోనే ఆ నెర్ర పూడ్పిచ్చిరి. ఆపొద్దు నుంచి పోయేటోడు ఒక రాయి, వచ్చేటోడు ఒక రాయి."

నిజమో కాదో తనకూ తెలియదట. ఇంటికొచ్చిన కోడలికి చెప్పే ముచ్చట అనుకుందట. కొడుకు బతికున్నప్పుడు అతనికి చెబితే నవ్వాడట.

మాబు సాహెబ్ తల దించుకుని చాలాసేపు మంచం నులక గిల్లుతూ కూర్చున్నాడు.

జూన్ 12

మంచి వాన. ఊరంతా విత్తనాలు. పత్తి, కొర్ర. ట్రాక్టర్లకు డిమాండ్.

నేను కూడా సంచులు బయట పెట్టాను. ఓబులమ్మ అవ్వ రోజూ సాయంత్రం బోరు దగ్గరికి వచ్చి కూర్చుంటోంది. పొద్దు మునిగాక నన్ను పిలిచి పైపు దగ్గర ఆకు పట్టమంది. ఆకు లోపలికి పోయింది. "ఇది కొసరు వాన నాయనా, నిలిచేది కాదు. ఎయ్యద్దు" అంది.

ఆగాను. మాబు సాహెబ్‌కు కూడా చెప్పాను. తను అప్పటికే సగం వేసేశాడు.

జూన్ 13

రామసుబ్బమ్మ మాట్లాడటం లేదు. "ఒక ముసలామె, ఒక బొక్క. వాటి మాట ఇని చేను బీడు పెడ్తావా?" అని నిన్న అడిగింది. సంచులు తిరిగి లోపల పెట్టాను.

జూలై 20

మాబు సాహెబ్ పత్తి చేను చూసి వచ్చాను. చూడకుండా ఉండాల్సింది.

ఆగస్టు 10

పొద్దున ట్రాక్టర్ శబ్దం. బయటికొచ్చి చూస్తే ట్రాలీ నిండా నాపరాళ్ల ముక్కలు. హనుమన్న ముందు నడుస్తున్నాడు, వెనక చాలామంది. హనుమన్నది ఊళ్లో పెద్ద సేద్యం. కొర్ర, పత్తి అంతా ఎండిపోయింది. రెండోసారి వేసిందీ మొలవలేదు. మనిషి సగమయ్యాడు. నేను గట్ల మీదుగా పరుగెత్తి బోరుకు అడ్డంగా నిలబడ్డాను.

"మద్దిలేటీ, పక్కకు జరుగు. నీ మీద మాకేం కోపం ల్యా. ఈ బొక్క తెరిసినప్పటి నుంచే మబ్బు నిలవడం ల్యా. మళ్లీ మూసేస్తాం" అన్నాడు.

శిరీన్ చెప్పిన గాలి బరువు సంగతి చెప్పబోయాను. ఎవరో నవ్వారు. ఎవరో చెయ్యి లేపారు. రామసుబ్బమ్మ వచ్చి నా పక్కన నిలబడింది. జూన్ నుంచి నాతో సరిగ్గా మాట్లాడని మనిషి. మాబు సాహెబ్ తన చేను గట్టు దాటి వచ్చి ఇంకో పక్క నిలబడ్డాడు. ఎండిన పత్తి ఆయనది కూడా. "నా చేను గుడక పాయ హనుమన్నా. నేను యాడికి పోయి ఎవర్ని పూడ్చాల?" అని అడిగాడు. హనుమన్న మొహం తిప్పుకున్నాడు. ట్రాలీ వెనక భాగం బోరు వైపు తిరిగింది, రాళ్లు దించడానికి.

అప్పుడు ఓబులమ్మ అవ్వ వచ్చింది. జనం అలవాటుగా దారి ఇచ్చారు, తగలకుండా. నేరుగా ట్రాలీ దగ్గరికి పోయింది. కట్టె కింద పెట్టి, రెండు చేతులతో ఒక బండ ముక్క లాగింది. పొట్టకు ఆనించుకుంది. నడుం వంగిపోయింది.

"మా ఓబన్న తాతతో మోపిచ్చినారు. ఈసారి నాతో మోపిచ్చుకోండి. నేను పోతే ఇంగ మోసేదానికి మా ఇంట్లో ఎవురూ ల్యారు" అంది.

బోరు వైపు నడవడం మొదలుపెట్టింది. ఒక్కొక్క అడుగు. ఎవరూ కదల్లేదు. నేనూ కదల్లేదు. కొంగు జారి మట్టిలో పడి లాగుతోంది. సగం దూరంలో ఆగి ఊపిరి తీసుకుంది. మళ్లీ నడిచింది.

హనుమన్న పరుగెత్తాడు. ఆమె చేతుల్లోంచి రాయి తీసుకున్నాడు. తీసుకుని, ఎక్కడ పెట్టాలో తెలియనివాడిలా దాన్ని పట్టుకుని నిలబడ్డాడు. ఆయన వేళ్లు ఆమె వేళ్లకు తగిలాయి. అందరూ చూశారు.

"పో అవ్వా. ఇంటికి పో" అన్నాడు. రాయి తీసుకెళ్లి మళ్లీ ట్రాలీలో పెట్టాడు.

ట్రాక్టర్ వెనక్కి పోయింది, రాళ్లతోనే.

ఆగస్టు 11

రామసుబ్బమ్మ అవ్వకు జొన్నరొట్టె, పప్పు తీసుకుపోయింది. మధ్యాహ్నం దాకా రాలేదు.

సెప్టెంబర్ 22, సాయంత్రం

అవ్వ పిలిచింది. ఆకు పట్టాను. పొద్దు పూర్తిగా మునిగింది. రోజూ ఈ వేళకు పీలుస్తుంది.

ఆకు ఎగిరిపోయింది.

ఇంకోటి పట్టాను. అదీ పైకే. ఫోన్లో చూస్తే కోస్తాకు మాత్రమే వర్షం అని ఉంది. శిరీన్‌కు ఫోన్ చేశాను. తన యాప్‌లో గాలి బరువు పొద్దున్నుంచి తగ్గుతూనే ఉందట. సముద్రంలో ఏదో తయారవుతోంది మామా అంది. బంగాళాఖాతం ఎక్కడ, ఉసురు చేను ఎక్కడ. అక్కడ గాలి కదిలితే ఇక్కడ మా నేల ఊపిరి మారుతోంది.

"పొద్దున్నే ఊరికి చెప్పు" అంది అవ్వ. నేను చెప్పను, నువ్వే చెప్పు అన్నాను. కట్టె తీసుకుని లేచింది.

సెప్టెంబర్ 23

పొద్దున అవ్వ హనుమన్న గుమ్మం ముందు నిలబడి చెప్పింది. ఆయన లోపలికి రమ్మన్నాడు. రాలేదు. బయటే మంచినీళ్లు తాగింది.

ఊళ్లో సగం మంది నమ్మలేదు. అయినా ట్రాక్టర్లు కదిలాయి. వాన రాకముందే దుక్కి సిద్ధం చేయాలని. బోరు పొద్దంతా ఊదుతూనే ఉంది. ఈల వేసినట్టు సన్నటి శబ్దం కూడా వస్తోంది.

సెప్టెంబర్ 25

తెల్లవారుజామున మొదలైంది. ఇంకా పడుతోంది. నేనెప్పుడూ చూడని వాన.

సెప్టెంబర్ 26

వంక వచ్చింది. ఎర్రనీళ్లు, కంపచెట్లు, ఎవరిదో గడ్డివాము. గొడుగులు, యూరియా సంచులు కప్పుకుని ఊరంతా గట్టు మీద నిలబడ్డాం. వంక మా చేను మూలకు వచ్చి, రాళ్లగుట్ట చుట్టూ తిరగడం మొదలుపెట్టింది. సుడి.

గుట్ట కదిలింది. మొదట అందరం కళ్లు చెదిరాయనుకున్నాం. పైరాళ్లు ఒరుసుకున్న శబ్దం వచ్చింది. తర్వాత మొత్తం గుట్ట, నెమ్మదిగా, కూర్చున్నట్టు కిందికి దిగింది. ఎన్ని తరాల వాళ్లు వేసిన రాళ్లో. మా నాయన వేసినవి, నేను వేసినవి. ఒక్కో రాయి లోపల పడుతున్న చప్పుడు కాళ్ల కింద నుంచి వచ్చింది, దూరంగా ఉరిమినట్టు. గుట్ట ఉన్నచోట నల్లటి నోరు. వంక మొత్తం అందులోకి పోతోంది. చుక్క పక్కకు పోలేదు.

మాబు సాహెబ్ రెండు చేతులు ఎత్తి ఏదో అనుకుంటున్నాడు. రామసుబ్బమ్మ నా చెయ్యి పట్టుకుంది, పెళ్లయిన కొత్తలో బస్సు ఎక్కినప్పుడు పట్టుకున్నట్టు. ఓబులమ్మ అవ్వ గట్టు మీద కూర్చుని ఉంది. తడుస్తోంది. హనుమన్న వెళ్లి తన గొడుగు ఆమె మీద పట్టాడు.

"నింపుకో తల్లీ, నింపుకో" అంటోంది అవ్వ.

సెప్టెంబర్ 28

వాన ఆగింది. ఆ నోటి చుట్టూ హనుమన్న మనుషులను పెట్టి ముళ్లకంచె వేయించాడు. పశువులు పడకుండా. రాళ్లు వేయడానికి కాదు అని తనే రెండుసార్లు చెప్పాడు.

అక్టోబర్ 6

శనగ విత్తనం. మొదటి పిడికిలి ఓబులమ్మ అవ్వ వేసింది. హనుమన్న చేనులో, మాబు సాహెబ్ చేనులో, మా చేనులో. పిలిచిన ప్రతి చేనుకూ పోయింది. సాయంత్రానికి నడవలేకపోతే మాబు సాహెబ్ బండి మీద తీసుకొచ్చాడు. విత్తనాలు పట్టిన అరచెయ్యి మూసే ఉంచింది. తెరవమంటే నవ్వింది.

నవ్వితే ఆమెకు ఒక పన్ను ఉందని ఇప్పుడే తెలిసింది.

అక్టోబర్ 9

బోరు ఊపిరి తీయడం లేదు. భయమేసింది. తాడుకు ఇటుక ముక్క కట్టి దించాను. నలభై అడుగులకే నీళ్లు తగిలాయి. కింద నిండిపోయింది. ఆ గాలి ఉన్న చోటంతా ఇప్పుడు నీళ్లే.

అక్టోబర్ 12

మోటారు దించాం. మొదటి బిందె అవ్వ చేత పట్టించాం. నీళ్లలో ఏదో కదిలింది. అన్నం మెతుకంత. తెల్లగా, గాజులాగా, రొయ్యపిల్ల ఆకారంలో. శిరీన్ ఫోన్ దగ్గరగా పెట్టి పెద్దది చేసి చూపించింది. కాళ్లున్నాయి, మీసాలున్నాయి. కళ్లు లేవు. కళ్లుండే చోటు కూడా లేదు. దీని తాతముత్తాతలెవరూ వెలుగు చూసి ఉండరు మామా అంది.

ఎండలో బిందె చుట్టూ మేమంతా తలలు వంచి నిలబడ్డాం. అది నెమ్మదిగా ఈదుతూ ఉంది. మేమున్నట్టు దానికి తెలియదు.

అవ్వ మోటారు ఆపమంది. మోటారు పైపు వారగా బిందె బోరులోకి వంచి, దాన్ని మళ్లీ కిందికి వదిలింది.

"పో నాయనా. నీ ఊరికి పో."